పాటల పెట్టె: ‘ఈ బిట్టు నాలుగుసార్లు రావాలి’

ప్రశ్న: మావాడు ఇంజినీరింగ్ రెండో ఏడాది. డాఫ్ట్ పంక్ అనే ఫ్రెంచి సంగీత జంట రెండో ఆల్బమ్ ‘డిస్కవరీ’ని పొద్దస్తమానం మోగిస్తుంటాడు. అందులో ఏముందా అని వాకబు చేస్తే, పాత పాటల ముక్కలతో కట్టిన పాటలు చాలా ఉన్నాయట. మన సంగీత దర్శకులు చేస్తే కాపీ అంటాం. వీళ్ళు చేస్తే కళా?
(ఒక పాఠకురాలు, తణుకు)

జవాబు: అమ్మా, ముందు నా సంగతి చెప్తాను. 1985 ప్రాంతంలో నాకు క్యాసెట్ రికార్డింగ్ షాపు ఉండేది. పాటల చీటీ, ఖాళీ క్యాసెట్టు ఇచ్చి వెళ్తే సాయంత్రానికి నింపి ఇచ్చేవాణ్ణి. తీర్థాల రోజులొస్తే రికార్డింగ్ డాన్సులవాళ్ళు దిగేవారు. ‘‘గురూ, ఈ బిట్టు నాలుగుసార్లు రావాలి. మా అమ్మాయి అక్కడ గిర్రున తిరుగుతుంది’’ అనేవారు. రెండు డెక్కులు పక్కపక్కన పెట్టుకుని, పాజ్ బటన్ మీద వేలుంచి, అదే ముక్కని మళ్ళీ మళ్ళీ ఎక్కించేవాణ్ణి. వేలు వెంట్రుకవాసి ఆలస్యమైతే దరువు తప్పేది. స్టేజీ మీద అమ్మాయి కాలు తడబడేది. మర్నాడు తిట్లన్నీ నాకు. అందుకే ముక్క కోయడం తేలికంటే నేనొప్పుకోను.

పారిస్ కుర్రాళ్ళు థామస్ బంగాల్టర్, గీ-మాన్యుయెల్ దె ఒమెమ్-క్రిస్టో చేసిందీ ఈ పనే. కాకపోతే వాళ్ళ చేతిలో శాంప్లర్ ఉంది, పాట ముక్కని దాచుకుని కావలసినన్నిసార్లు మోగించే యంత్రం. ఎడ్విన్ బర్డ్‌సాంగ్ 1979లో ‘కోలా బాటిల్ బేబీ’ అని ఒక ఫంక్ పాట చేశాడు. దాని మొదట్లో వచ్చే కీబోర్డు ముక్కని వీళ్ళు తీసుకుని గిరగిరా తిప్పి, పైన మరగొంతుతో పొడిపొడి మాటలు పేర్చారు. అదే ‘హార్డర్, బెటర్, ఫాస్టర్, స్ట్రాంగర్’. మొదట మాటలు ఒక్కొక్కటే వస్తాయి. పోనుపోను ఒకదాన్నొకటి తరుముకుంటాయి. చివరికొచ్చేసరికి అది గొంతో వాయిద్యమో చెప్పలేం. ఓసారి మీవాణ్ణి అడిగి రెండు పాటలూ వెంటవెంటనే పెట్టించుకోండి. బర్డ్‌సాంగ్ పాటలో అలా వచ్చి ఇలా పోయే ముక్క ఇక్కడ ఇల్లంతా మోసే దూలమైంది. ‘డిజిటల్ లవ్’ కూడా అంతే, జార్జ్ డ్యూక్ పాట మొదలు మీద నిలబడింది. ఈ ఇద్దరి పాటల పేర్లూ ఆల్బమ్ లోపలి కాగితం మీద వేశారు. మన దగ్గర తిట్లు పడేది ట్యూను ఎత్తినందుకు కాదు కదమ్మా, ఎత్తి నాదేనన్నందుకు.

అయితే మీ అనుమానం పూర్తిగా కొట్టిపారేసేదీ కాదు. మొదటి పాట ‘వన్ మోర్ టైమ్’ మొదలవగానే మోగే బాకాలున్నాయే, అవి ఎడ్డీ జాన్స్ అనే ఆయన 1979లో పాడిన ‘మోర్ స్పెల్ ఆన్ యూ’లోవి. ఆ కాగితం మీద ఆయన పేరు లేదు. పాట హక్కులున్న కంపెనీకి డబ్బు అందుతూనే ఉంది. ఆయనకు మాత్రం పైసా రాలేదనీ, చాలాకాలం లాస్ ఏంజెలెస్‌లో నిలువ నీడ లేకుండా బతికాడనీ 2021లో అక్కడి పత్రికలో వచ్చింది. అది చదివాక ఆ బాకాలు వింటే నాకు ఇదివరకటిలా కాలు ఆడటం లేదు.

ప్రశ్న: మొదటి ఆల్బమ్ ‘హోంవర్క్’లో ఉన్న దెబ్బ ‘డిస్కవరీ’లో లేదు. మెత్తబడ్డారంటే ఒప్పుకుంటారా?
(ఒక పాఠకుడు, హైదరాబాద్)

జవాబు: మెత్తబడ్డారు, కావాలనే. 1997 నాటి ‘హోంవర్క్’ గరుకు సరుకు. దరువు, దాని మీద గీరుకుపోయే ఒక శబ్దం, అంతే. అలాంటిదే ఇంకోటి చేసిచ్చినా కళ్ళకద్దుకుని కొనేవారు. వీళ్ళు ఆ పని చెయ్యకుండా, చిన్నప్పుడు విన్న డిస్కో, రేడియో పాటలు, హెవీ మెటల్ గిటార్ అన్నీ బయటికి తీసి 2001 మార్చిలో మన ముందు పెట్టారు. ‘ఏరోడైనమిక్’ వినండి. గుడి గంటలా గంట మోగుతుంది, తర్వాత దరువు, నిమిషం గడిచాక ఉన్నట్టుండి గిటార్ సోలో! క్లబ్బులో ఆడే మనిషి ఏమైపోవాలి? ‘వన్ మోర్ టైమ్’ పాడిన రొమాంథనీ గొంతుని ఆటోట్యూన్‌తో, అంటే శ్రుతి సరిచేసే సాఫ్ట్‌వేర్‌తో, వంచినందుకు కూడా అప్పట్లో బాగానే గొణిగారు. ఇవాళ ఆటోట్యూన్ లేని పాట వెతుక్కోవాల్సి వస్తోంది.

నా ఫిర్యాదు వేరే ఉంది. ఆఖరి పాట ‘టూ లాంగ్’ పది నిమిషాలు. పేరుకు తగ్గట్టే ఉంది.

ప్రశ్న: డాఫ్ట్ పంక్ ఇద్దరూ మొహాలు కనబడకుండా తొడుక్కునే ఆ రోబో హెల్మెట్లు ఎందుకండీ?
(ఒక పాఠకుడు, వరంగల్)

జవాబు: 1999 సెప్టెంబరు 9న ఉదయం 9 గంటల 9 నిమిషాలకు స్టూడియోలో శాంప్లర్ పేలిందట. లేచి చూసుకుంటే ఇద్దరూ రోబోలైపోయారట. వాళ్ళు చెప్పిన కథే ఇది. ఇంతకంటే పెద్ద కథలు విని పెరిగినవాళ్ళం, నమ్మేస్తే పోలా?

ప్రశ్న: డాఫ్ట్ పంక్‌కీ మన దేశానికీ ఏమైనా సంబంధం ఉందా?
(ఒక పాఠకుడు, డాలస్)

జవాబు: ఉంది, తండ్రి వైపు నుంచి. థామస్ నాన్న డానియెల్ వంగార్డ్ కూడా డిస్కో మనిషే, ‘ఒటవాన్’ బృందం పాటల వెనక ఉన్నది ఆయనే. వాళ్ళ 1980 నాటి ‘టే ఓకే’ ట్యూనే 1982 హిందీ ‘డిస్కో డాన్సర్’లో ‘జిమ్మీ జిమ్మీ’గా మారింది. ఆ సినిమా తెలుగులో బాలకృష్ణతో ‘డిస్కో కింగ్’ అయింది. తణుకు పాఠకురాలు ఈ జవాబు కూడా చదవాలి. కొడుకు ఎవరెవరి ముక్కలో ఏరుకోకముందే తండ్రి ట్యూను మనవాళ్ళు ఎత్తుకొచ్చేశారు.

నా షాపులో అన్నిటికంటే ఎక్కువసార్లు కోసిన బిట్టు కూడా ‘జిమ్మీ’దే. అది ఎక్కడిదో, ఎవరి అబ్బాయి తర్వాత ఏం చేస్తాడో అప్పుడు నాకేం తెలుసు? ‘ఆజా’ దగ్గర నొక్కీ నొక్కీ ఎడమవైపు డెక్కు పాజ్ బటన్ మీద గీతలు అరిగిపోయాయి.