టిక్ టిక్‌మంటున్న హార్డ్ డిస్క్‌ని ఫార్మాట్ చేయొచ్చా?

ప్రశ్న: మా పెళ్లి ఫొటోలు, వీడియోలు అన్నీ 1 టీబీ ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్‌లోనే ఉన్నాయండి. మొన్న మా బాబు చేతిలోంచి కింద పడింది. అప్పట్నుంచి ల్యాప్‌టాప్‌కి పెడితే టిక్ టిక్‌మని సౌండ్, కాసేపటికి ఫార్మాట్ చేయమని అడుగుతోంది. చేసేస్తే బాగవుతుందా?
- ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: వద్దండి, ముందు కేబుల్ తీసేసి డిస్క్‌ని పక్కన పెట్టేయండి, ఇంకోసారి పెట్టి చూద్దాం అని కూడా అనుకోకండి. లోపల అద్దంలా మెరిసే బిళ్లలు నిమిషానికి 5400 సార్లు తిరుగుతుంటాయి, వాటికి తగలకుండా వెంట్రుక మందంలో వెయ్యో వంతు కూడా లేని ఎత్తులో చదివే హెడ్ తేలుతుంటుంది. కింద పడ్డాక టిక్ టిక్ వస్తోందంటే చాలావరకు ఆ హెడ్ దెబ్బతిని, చదవాల్సిన చోటు దొరక్క వెనక్కీ ముందుకీ కొట్టుకుంటున్నట్టే. ఆన్ చేసిన ప్రతిసారీ బిళ్ల మీద గీత పడే ప్రమాదం ఉంది, గీత పడిన చోట ఉన్న ఫొటోని ఇక ఎవరూ తేలేరు. రికవరీ సాఫ్ట్‌వేర్లు, చెక్ డిస్క్ లాంటివి కూడా ఇప్పుడు నడపొద్దు, అవి డిస్క్ మొత్తాన్ని గంటల తరబడి తిప్పుతాయి. మామూలు షాపులో స్క్రూలు విప్పించొద్దు, దుమ్ము కణం ఒక్కటి పడినా చాలు పాడవడానికి. క్లీన్ రూమ్ (దుమ్ము చేరని ప్రత్యేక గది) ఉన్న డేటా రికవరీ వాళ్లకే ఇవ్వండి, ఎంతవుతుందో, డేటా రాకపోతే ఎంత తీసుకుంటారో ముందే అడగండి, ఖర్చు వేలల్లోనే ఉంటుంది. ఈలోపు మీ ఫొటోగ్రాఫర్‌కి ఒక ఫోన్ కొట్టండి, ఒరిజినల్స్ దాచి ఉంచేవాళ్లు చాలామందే ఉన్నారు.

అసలు సౌండ్ ఏమీ లేకుండా ఊరికే డిస్క్ కనబడకపోతే మాత్రం ఇంత కంగారు అక్కర్లేదు, కేబుల్ మార్చి చూడండి, పాత యూఎస్‌బీ 2.0 పోర్ట్ ఇచ్చే 500 మిల్లీఆంప్స్ కరెంటు కొన్ని డిస్కులకి చాలదు, 3.0లో 900 దాకా వస్తుంది. కనబడగానే ముఖ్యమైనవి వేరే చోటికి కాపీ చేసేసుకోండి, రిపేరు సంగతి తర్వాత. ఒక్క డిస్క్‌లోనే ఉంటే దాన్ని బ్యాకప్ అనరండి, దయచేసి రెండో కాపీ పెట్టుకోండి.

ప్రశ్న: కొత్త 2 టీబీ డిస్క్ కొంటే 1.81 అని చూపిస్తోంది, మోసపోయానా?
- ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: లేదండి. కంపెనీ వెయ్యితో లెక్కేస్తుంది, విండోస్ 1024తో లెక్కేస్తుంది, తేడా అంతే. 1 టీబీ అయితే 931 జీబీ చూపిస్తుంది.

ప్రశ్న: నా డిస్క్ అమ్మాయి మ్యాక్‌బుక్‌కి పెడితే ఫైల్స్ తెరుచుకుంటున్నాయి గానీ కొత్తవి కాపీ అవ్వట్లేదు.
- ఒక పాఠకురాలు, వరంగల్

జవాబు: డిస్క్ ఎన్‌టీఎఫ్ఎస్ అనే విండోస్ ఫార్మాట్‌లో ఉండుంటుంది, మ్యాక్ దాన్ని చదువుతుంది, రాయదు. ఎక్స్‌ఫ్యాట్ అనే ఫార్మాట్‌కి మారిస్తే విండోస్, మ్యాక్ రెండింట్లో పనిచేస్తుంది, కాకపోతే మార్చేటప్పుడు ఉన్నదంతా పోతుంది కాబట్టి ముందు వేరేచోట కాపీ పెట్టుకోండి. ఎక్స్‌ఫ్యాట్‌లో మధ్యలో లాగేస్తే ఫైల్స్ దెబ్బతినే అవకాశం ఎక్కువ, ఎజెక్ట్ కొట్టాకే తీయమని అమ్మాయికి కూడా చెప్పండి.