ఫోర్ట్ సెయింట్ జార్జ్‌లో నిజంగా పాతది ఏది? గోడ చూసి చెప్పొచ్చు

"చెన్నైలోని ఫోర్ట్ సెయింట్ జార్జ్ 1640 నాటి కోట అంటారు, లోపలికెళ్తే అన్నీ ఆఫీసులే. అంత పాతది అక్కడ ఏముంది?" అని కదా మీ ప్రశ్న.

1640 నాటిదంటూ కంటికి కనిపించేది ఏమీ మిగల్లేదనే చెప్పాలండి. 1639లో దామెర్ల వెంకటాద్రి నాయకుడి నుంచి ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి ఫ్రాన్సిస్ డే పొందిన ఇసుక నేల మీద మొదట లేచింది ఓ చిన్న చతురస్రం. నాలుగు మూలలా బురుజులు, మధ్యలో ఒక ఇల్లు, అంతే. (చెన్నపట్నం అన్న పేరు ఆ నాయకుడి తండ్రి చెన్నప్పది.) ఆ ఇంటిని 1690ల్లో పడగొట్టి కొత్తది కట్టారు. ఇప్పటి సచివాలయం నడిభాగం ఆ రెండో ఇల్లే. పక్క రెక్కలు, పై అంతస్తులు తర్వాతి అతుకులు. మీరు దాటి వచ్చే కందకం, బయటి గోడలు చాలావరకు 1758-59 ఫ్రెంచి ముట్టడి అయ్యాక పూర్తయినవి. వెనకాల కనిపించే పదంతస్తుల సచివాలయ భవనం, నామక్కల్ కవిజ్ఞర్ మాళిగై, 1970లది.

చెక్కుచెదరని పాత కట్టడం కావాలంటే సెయింట్ మేరీస్ చర్చికి వెళ్ళండి. 1678లో మొదలై 1680 అక్టోబరు 28న తెరిచారు. బయటి గోడ మందం 4 అడుగులు, పైకప్పు 2 అడుగులు. కప్పులో దూలం అన్నది లేదు. మూడు కమానులూ ఇటుక, సున్నమే. గుండు పడ్డా జారిపోవాలి, నిప్పంటుకోవడానికి కర్ర ఉండకూడదు అన్నది లెక్క. గుడి కంటే మందుగుండు కొట్టు అనిపిస్తే తప్పు మీది కాదు. చుట్టూ నేలమీద పరిచిన సమాధి రాళ్ళ కింద ఎవరూ లేరు. అవి ఇప్పుడు లా కాలేజీ ఉన్నచోటి పాత శ్మశానానివి. ముట్టడిలో ఫ్రెంచివాళ్ళు ఆ సమాధుల చాటు నుంచి కాల్చారని తర్వాత వాటిని పీకి ఇక్కడికి తెచ్చారు.

ఇక శాసనసభ ముందున్న నల్ల స్తంభాలు. 1732 ప్రాంతంలో సముద్రపు ద్వారం నుంచి లోపలి ఇంటిదాకా వేసిన మండపానివి. 1746లో కోట పట్టుకున్న ఫ్రెంచివాళ్ళు పుదుచ్చేరి ఎత్తుకుపోతే, 1761లో ఆ ఊరు ఓడాక తిరిగొచ్చాయి. రాయి చెన్నై దగ్గరి పల్లావరంలో దొరికే చార్నోకైట్ అనే గట్టి నల్లరాయి. దగ్గరగా చూస్తే పూర్తి నలుపు కాదు, మెరుపులో నీలిఛాయ కనిపిస్తుంది. అక్కడి రాతితోనే చేసిన కలకత్తాలోని జాబ్ చార్నాక్ అనే కంపెనీ అధికారి సమాధి ఫలకం వల్ల దానికా పేరు వచ్చింది.

గోడ వయసు తేల్చేది మాత్రం పూత. మద్రాసు గచ్చు అంటే గుల్ల సున్నం, మూడు పూతలు. పాత రాతల్లో దొరికే పాళ్ళివి: మొదటిది ఒక పాలు సున్నానికి ఒకటిన్నర ఇసుక, బెల్లం నీళ్ళతో, అరంగుళం మందం. రెండోది మూడు పాళ్ళ సున్నానికి ఒకటి తెల్ల ఇసుక. మూడోది నాలుగుకు ఒకటి, వెన్నలా నూరి, అందులో కోడిగుడ్డు తెల్లసొన, నెయ్యి, పెరుగు, కాస్త బలపం పొడి. దాన్ని పలచగా పూసి, తడి ఆరేలోపు నున్నటి రాయితో రుద్దుతూనే ఉండాలి. తర్వాత కొన్నాళ్ళు పైకి ఊరే చెమ్మను మెత్తటి గుడ్డతో అద్దాలి. అప్పుడే పాలరాయి మెరుపు. చేతితో తడిమితే చల్లగా, గాజులా తగులుతుంది. సిమెంటు పూత గరుకుగా ఉంటుంది, తేడా ఇట్టే తెలిసిపోతుంది.

ఇలాంటి గోడకు సిమెంటుతో మరమ్మతు చేస్తే పాడవుతుంది. పాత ఇటుక చెమ్మ పీల్చి వదులుతుంటుంది, సముద్రం పక్కన కాబట్టి ఆ చెమ్మలో ఉప్పు కూడా ఉంటుంది. సిమెంటు దాన్ని బయటికి పోనివ్వదు. ఉప్పు లోపలే గడ్డకట్టి ఇటుక ముఖాన్ని రాల్చేస్తుంది, నాలుగు వానాకాలాలకు సిమెంటు పెచ్చు కూడా ఊడుతుంది. డంగు సున్నంతో చేస్తే ఖర్చు, రోజులు రెండూ ఎక్కువే, కానీ వేరే దారి లేదు. గోడలో లేచిన రావి మొలకను కూడా పైకి కోస్తే లాభం లేదు. వేరు ఉన్నంత లోతు ఇటుకల మధ్య అతుకు విప్పి తీసి, మళ్ళీ సున్నంతోనే పూడ్చాలి.

తెలుగువాళ్ళకు ఇది పరాయి కోటేం కాదు. 1953 అక్టోబరు 1 దాకా కోస్తా, రాయలసీమ జిల్లాల ప్రభుత్వం ఇదే. పానగల్ రాజా, బొబ్బిలి రాజా, ప్రకాశం పంతులు ఏలింది ఇక్కడి నుంచే. తాతల కాలపు కాగితాల్లో కనిపించే "ఫోర్ట్ సెయింట్ జార్జ్ గెజిట్" ఈ కోట పేరు మీదిదే.

వెళ్ళేటప్పుడు గుర్తింపు కార్డు తప్పనిసరి. సచివాలయంలోకి పాస్ లేకుండా పంపరు, స్తంభాలను దూరం నుంచే చూడాలి. మ్యూజియానికి శుక్రవారం సెలవు. అది 1795 నాటి భవనం, ఒకప్పటి వర్తకుల ఎక్స్ఛేంజి. 1947 ఆగస్టు 15న ఈ కోట మీద ఎగరేసిన జెండా అక్కడే అద్దాల పెట్టెలో ఉంది. దానికి వెలుతురు తగలకూడదని గది మసక చీకటిగా ఉంచుతారు. లోపలికి వెళ్ళగానే చదవబోకండి, కళ్ళు అలవాటు పడ్డాక చూడండి.