కోపెన్‌హాగెన్ వస్తున్న చెల్లెమ్మకు: వాళ్ళు ఏమేం పోగొట్టుకున్నారో ముందు తెలుసుకో

చెల్లెమ్మా,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. రెసిడెన్స్ పర్మిట్, సీపీఆర్ నంబరు (ఇక్కడ ప్రతి మనిషికీ ఇచ్చే గుర్తింపు నంబరు), పన్ను కార్డు, అద్దింటి డిపాజిట్ గురించి చాలా అడిగావు. అవన్నీ ప్రభుత్వ వెబ్‌సైట్లలో ఇంగ్లీషులోనే ఉంటాయి, రూల్స్ మారుతుంటాయి కూడా, అక్కడే చూసుకో. చివర్లో ఒక్క ముక్క రాశావు, "అక్కడ జనం అసలు మాట్లాడరట కదా అక్కా" అని. నేను జవాబు రాసేది దానికే. కాగితాల పని నెలా రెండు నెలల్లో తేలిపోతుంది. ఒంటరితనం తేలదు. మీ తరానికి వీడియో కాల్ ఉంది కాబట్టి అది ఉండదనుకుంటున్నారు. ఉంటుంది.

నేను గుంటూరు నుంచి 2003 నవంబరులో వచ్చాను. సాయంత్రం నాలుగు కాకముందే చీకటి. మీ బావగారు ఆఫీసుకెళ్తే రాత్రి దాకా నాతో మాట్లాడే మనిషి లేడు. మెట్ల మీద ఎదురైనవాళ్ళు "హై" అనేసి వెళ్ళిపోయేవాళ్ళు. రెండేళ్ళకు ఒక చిన్న ఆఫీసులో లెక్కలు చూసే ఉద్యోగం దొరికింది. పదకొండున్నరకల్లా అందరూ ఒకే బల్ల చుట్టూ చేరి నల్ల రొట్టె డబ్బాలు విప్పేవాళ్ళు. నేను పులిహోర డబ్బా పట్టుకుని చివర కూర్చునేదాన్ని. ఎప్పుడు నోరు విప్పే అవకాశం వస్తుందా అని చూసేదాన్ని.

ఆ అవకాశం ఏప్రిల్ 2న వచ్చింది. ఎవరో ఆ రోజు తేదీ గుర్తుచేసి, రేవులో జరిగిన యుద్ధం మాటెత్తారు. నాకు తెలిసిన విషయం కదా అని ప్రాణం లేచొచ్చింది. "నెల్సన్, ఆ ఇంగ్లీషు నౌకాదళ సేనాని! స్కూల్లో చదువుకున్నాం. గుడ్డికంటికి దుర్భిణి పెట్టుకుని, వెనక్కి రమ్మన్న సిగ్నల్ కనపడలేదన్నాడు, ఎంత ధైర్యమో!" అన్నాను. బల్ల దగ్గర చప్పుడు ఆగిపోయింది. ఎదురుగా ఉన్న పెద్దాయన రొట్టె మీద వెన్న రాస్తూ రాస్తూ కత్తి పక్కన పెట్టేశాడు. ఎవరూ ఒక్క మాట అనలేదు, కోప్పడినా బాగుండేది. ఆ తర్వాత నెలరోజులు నా పక్క కుర్చీ ఖాళీగానే ఉంది.

ఇంగ్లీషువాళ్ళ పుస్తకాల్లో చదువుకున్న మనకు నెల్సన్ వీరుడు. ఇక్కడివాళ్ళకు 1801 ఏప్రిల్ 2 అంటే ఈస్టరు ముందరి గురువారం. లంగరేసిన పాత ఓడల మీద, అంతకుముందు ఫిరంగి ముట్టుకోని మామూలు మనుషులు కూడా నిలబడి నెల్సన్ నౌకాదళంతో గంటల తరబడి పోరాడిన రోజు. ఓడిపోయినా తలవంచలేదని ఈ రోజుకీ చెప్పుకుంటారు. ఆరేళ్ళకు ఇంగ్లీషువాళ్ళు మళ్ళీ వచ్చారు. డెన్మార్క్ అప్పటికి ఎవరి పక్షమూ కాదు. దాని నౌకాదళం నెపోలియన్ చేతికి చిక్కుతుందేమోనన్న భయంతో 1807 సెప్టెంబరు 2 నుంచి 5 దాకా ఊరి మీదే ఫిరంగులు పేల్చారు, రాకెట్లు కూడా వేశారు. వందల ఇళ్ళు కాలిపోయాయి. వోర్ ఫ్రూ చర్చి గోపురం మంటల్లో కూలింది. ఉన్న ఓడలన్నీ పట్టుకుపోయారు. ఆ కోపంతోనే డెన్మార్క్ నెపోలియన్ పక్షాన చేరింది. 1813 జనవరిలో రాజ్యం దివాలా తీసింది, ఆరు పాత రిగ్స్‌డేలర్లకు (అప్పటి వాళ్ళ డబ్బు) ఒక కొత్తది అన్నారు. మరుసటి ఏడాది నార్వే పోయింది. పదమూడేళ్ళలో ఇన్ని దెబ్బలు తిన్నవాళ్ళు ఇంట్లోకి ముడుచుకుని తలుపేసుకున్నారంటే నాకు ఆశ్చర్యం లేదు. వీళ్ళు ముభావంగా ఉండేది పొగరుతో కాదని నేను గట్టిగా నమ్ముతాను.

అది తెలిశాక కూడా రెండో తప్పు చేశాను. మా కింది అంతస్తులో ఒక నార్వే ఆవిడ ఉంటుంది, డేన్‌ని, అంటే డెన్మార్క్ అతన్ని, పెళ్ళి చేసుకుని వచ్చింది. ఒక మే 17న ఊలు పావడా, బుటేదారు రవిక వేసుకుని మెట్లు దిగుతోంది. ఆ వేషాన్ని బూనాడ్ అంటారు. గుండెల మీద వెండి బిళ్ళ, దాని చుట్టూ చిన్న చిన్న గరిటెల్లాంటి వెండి రేకులు. అడుగు వేస్తే మన మువ్వల్లాగే సన్నగా గలగలమన్నాయి. నా ప్రాణం గుంటూరుకు వెళ్ళొచ్చింది. ఏదో ఒకటి మాట్లాడాలి కదా. "నాలుగొందల ఏళ్ళు డేన్‌లతో కలిసే ఉన్నారట, భాషా దగ్గరే, ఎందుకు విడిపోయారండీ?" అన్నాను.

ఆవిడ రెయిలింగ్ పట్టుకుని ఆగింది. "మేం విడిపోలేదు. మమ్మల్ని ఇచ్చేశారు," అంది. అనేసి దిగి వెళ్ళిపోయింది.

మూడు వారాలు ఆ మాట నన్ను నిద్రపోనివ్వలేదు. చివరికి జంతికలు వేసి, పళ్ళెం పట్టుకుని తలుపు తట్టాను. చెప్పకుండా వెళ్ళకూడదంటారు ఇక్కడ, నేను వెళ్ళాను. లోపలికి రానిచ్చింది, అసలు సంగతి చెప్పింది. 1814 జనవరి 14న కీల్ ఒప్పందంలో డెన్మార్క్ రాజు నార్వేని స్వీడన్ రాజుకు రాసిచ్చాడు, ఆ దేశపు జనాన్ని ఒక్క మాట అడగలేదు. వాళ్ళు ఊరుకోలేదు. ఐడ్స్‌వోల్ అనే ఊళ్ళో 112 మంది కూర్చుని ఆరు వారాల్లోపే రాజ్యాంగం రాసుకున్నారు, అదే మే 17. వేసవిలో స్వీడన్ సైన్యం వచ్చిపడింది. స్వీడన్ రాజు కిందికి వెళ్ళక తప్పలేదు కానీ, కొద్ది మార్పులతో రాజ్యాంగాన్ని నిలుపుకున్నారు. పూర్తిగా విడివడింది 1905లో. స్వీడన్ చేసిన ఆఖరి యుద్ధం కూడా ఆ 1814దే.

ఆవిడ కంట నీళ్ళు తిరిగింది మాత్రం రాజ్యాంగం దగ్గర కాదు, రొట్టె దగ్గర. ఇంగ్లీషు ఓడలు సముద్రం కాపు కాస్తే డెన్మార్క్ నుంచి ధాన్యం రావడం ఆగిపోయింది. నార్వేలో దేవదారు లాంటి చెట్ల లోపలి బెరడు ఎండబెట్టి, దంచి, ఉన్న కాస్త పిండిలో కలిపి రొట్టెలు చేసుకున్నారు. వాళ్ళ అమ్మమ్మ పిండి డబ్బా మూత తీసినప్పుడల్లా ఆ కథ చెప్పేదట. నేను మన గుంటూరు వైపు వచ్చిన డొక్కల కరువు గురించి చెప్పాను. జంతిక విరిచి నాకు సగమిచ్చింది. ఈ దేశంలో నాతో ఒకరు పంచుకుని తిన్న మొదటి తిండి అది.

ఇంకో సంగతి ఆవిడకు నేనే చెప్పాను. బెంగాల్లోని శ్రీరాంపూర్ అప్పట్లో డేన్‌ల ఊరు. నార్వేని పోగొట్టుకున్న ఆ 1814లోనే ఇంగ్లీషు మిషనరీ విలియం కేరీ రాసిన తెలుగు వ్యాకరణం అక్కడి ప్రెస్సులో అచ్చయింది. అప్పటికి ఆ ఊరినీ ఇంగ్లీషువాళ్ళే ఆక్రమించి కూర్చున్నారు. "అయితే మనమిద్దరం ఒకే పేజీలో ఉన్నాం" అని ఆవిడ నా చెయ్యి పట్టుకుంది.

ఫిన్లాండ్ వాళ్ళతోనూ జాగ్రత్త. వాళ్ళలో కొందరి ఇంటి భాష స్వీడిషే, అయినా వాళ్ళు స్వీడన్ వాళ్ళు కారు. ఆరు శతాబ్దాలు కలిసున్నాక 1809లో స్వీడన్ ఫిన్లాండ్‌ని రష్యాకు వదులుకోవాల్సి వచ్చింది. "అయితే మీరు స్వీడన్ వాళ్ళా" అని నేను అన్నాను, నువ్వు అనకు.

భాష సంగతి అడిగావు, ఇంగ్లీషు సరిపోతుందా అని. షాపుల్లో సరిపోతుంది. స్నేహానికి సరిపోదు. స్ట్రూయెన్సె అని ఒక జర్మన్ డాక్టరు, మతి చలించిన రాజుకు వైద్యం చెయ్యడానికి వచ్చి, రాజ్యమే నడిపాడు. 1770లో పత్రికల మీద సెన్సారు ఎత్తేశాడు, ఎంత మంచి పని! కానీ ఆజ్ఞలన్నీ జర్మన్‌లో రాశాడు. జనానికి అది మహా కష్టమైంది. రాణితో సంబంధం బయటపడి 1772లో అతని తల తీశారు. 1776లో, ప్రభుత్వ ఉద్యోగాలు ఇక్కడ పుట్టినవాళ్ళకేనని చట్టం చేసుకున్నారు. అటు స్వీడన్‌లో బెర్నడాట్ అనే ఫ్రెంచివాడు స్వీడిష్ రాకుండానే రాజయ్యాడు, అది రాజులకు చెల్లింది. నువ్వు మొదటి వారమే భాష క్లాసులో చేరు. నేను మూడేళ్ళు ఆలస్యం చేసి, ఆ మూడేళ్ళూ గోడలతో మాట్లాడుకున్నాను.

ఊలు సాక్సులూ, కుక్కరూ తెచ్చుకో. మిగతావి ఇక్కడ దొరుకుతాయి.

మే 17న మాత్రం వేరే పని పెట్టుకోకు. ఆవిడకిప్పుడు ఎనభై మూడేళ్ళు, మెట్లు దిగడానికి ఒకరు చెయ్యి పట్టుకోవాలి. ఒక పక్క నేను పట్టుకుంటాను, రెండో పక్క నువ్వు పట్టుకుందువుగాని. పొద్దున తొమ్మిదింటికి మా గుమ్మం దగ్గర ఉండు. పట్టుచీర కట్టుకుని రా, ఆవిడకు అంచులు తడిమి చూడటం ఇష్టం.

మీ అక్క