ఆదివారం రాత్రి 8.15కి టీవీ ముందు కూర్చోండి

సందేహం: జర్మనీ వచ్చి ఏడాదైంది. జర్మన్ భాషలో మధ్యస్థాయి అయిన బీ1 పరీక్ష పాసయ్యాను. అయినా సోమవారం ఆఫీసులో కొలీగ్స్ టాటోర్ట్ గురించి మాట్లాడుకుంటుంటే ఒక్క ముక్కా బుర్రకెక్కడం లేదు. ఏం చేయను?

జవాబు: మీరూ చూడండి. టాటోర్ట్ హత్యా పరిశోధనల సీరియల్. 1970 నవంబరు 29న మొదలైంది. ఇప్పటికీ ఆదివారం ఏఆర్‌డీ టీవీ ఛానల్‌లో రాత్రి 8 గంటల వార్తలయ్యాక వస్తుంది. గంటన్నరలో కథ పూర్తి. ఒక్కో ఊరికి ఒక్కో పోలీసు బృందం ఉంటుంది కాబట్టి పాతవి చూడలేదన్న బెంగ అక్కర్లేదు.

మొట్టమొదటి కథే ఎంత బాగుంటుందో! లైప్‌జిగ్ దగ్గర హైవే పక్కన ఒక పిల్లవాడి శవం దొరుకుతుంది. ఊరేమో తూర్పు జర్మనీది, వాడి కాళ్లకున్న బూట్లు మాత్రం పశ్చిమ జర్మనీవి. దేశం రెండుగా ఉన్న రోజులవి. ఒక తండ్రి దాచిన నిజం కోసం హాంబుర్గ్ పోలీసు అధికారి సరిహద్దు దాటి వెళ్తాడు. ఆ నిజమేమిటో నేను చెప్పను, చూసి తెలుసుకోండి.

క్లాసులో అందరూ నిజాలే చెబుతారు, అదీ నిదానంగా, పూర్తి వాక్యాల్లో. ఇక్కడ ప్రతివాడూ ఏదో ఒకటి దాస్తాడు. "ఆ రాత్రి ఎక్కడున్నారు?" అంటే సగం మాట మింగేస్తాడు, లేదా ఎదురు ప్రశ్న వేస్తాడు. ఆఫీసులో మీకు అందనిది సరిగ్గా ఈ రకం జర్మనే. ఏఆర్‌డీ వాళ్ల వీడియో వెబ్‌సైట్ మీడియాటెక్‌లో జర్మన్ సబ్‌టైటిల్స్ పెట్టుకుని చూడండి. మొదట కొలోన్ నగరపు పోలీసు జోడీ బాలౌఫ్, షెంక్‌ల కథలతో మొదలుపెట్టండి. కేసు తేలాక రైన్ నది ఒడ్డున తినుబండారాల బండి దగ్గర నిలబడి వాళ్లు సాసేజ్ తినడం చాలా కథల్లో కనిపిస్తుంది. మ్యున్‌స్టర్ నగరపు బృందం కథలకు ఇక్కడ అభిమానులు ఎక్కువే, కానీ వాటిలో జోకులు వేగంగా పడతాయి, కాస్త అలవాటయ్యాక చూడొచ్చు.

సోమవారం "ఎవరు చేశారో ముందే కనిపెట్టారా?" అని మీరే అడగండి. మాట దానంతటదే సాగుతుంది.

ఇంకొకటి. మీడియాటెక్‌కి చందా లేదుగానీ, ఇంట్లో టీవీ లేకపోయినా ప్రసార రుసుము మాత్రం ఇంటికొకటి కట్టాలి. 2021 ఆగస్టు నుంచి అది నెలకు 18.36 యూరోలు. షేరింగ్ ఫ్లాట్‌లో ఒకరు కడితే చాలు, మిగతావాళ్లు కట్టేవాళ్ల రుసుము ఖాతా నంబరు రాసి పంపాలి. చిరునామా నమోదు చేశాక ఈ రుసుము గురించి వచ్చిన ఉత్తరాన్ని పక్కన పడేసి ఉంటే ఈరోజే వెతికి తీయండి. ఆలస్యమైతే పాత నెలల బకాయి కూడా కలిపి అడుగుతారు.