గొట్టం సంగతి ఎందుకు వదిలేశావు?

తమ్ముడికి, ఆశీస్సులు.

ఇంగ్లండు గిటారిస్టు అలన్ హోల్డ్స్‌వర్త్ మీద నువ్వు పంపిన వ్యాసం చదివాను. వాక్యం నీ చేతిలో ఉంది, సంతోషం. అయితే రెండో పేజీలో "సాక్సఫోన్ కొనే స్తోమత లేక గిటార్ పట్టుకున్నాడు" అని రాసి, అక్కడే ఫుల్‌స్టాప్ పెట్టి బ్యాండ్ల జాబితాలోకి దూకేశావు. న్యూక్లియస్, టెంపెస్ట్, సాఫ్ట్ మెషీన్, టోనీ విలియమ్స్ లైఫ్‌టైమ్, గాంగ్, యూకే, బ్రూఫర్డ్... రైల్వే టైంటేబుల్ చదివినట్టుంది. తర్వాత ఎక్కడో "1986లో సింథాక్స్ అనే ఎలక్ట్రానిక్ పరికరాన్ని కూడా ప్రయత్నించారు" అని ఒక్క ముక్క. నాకు ఒళ్ళు మండింది అక్కడే.

ఆ పరికరం వాయించేటప్పుడు ఆయన నోట్లో ఒక గొట్టం ఉండేదయ్యా! వేళ్ళు తీగల మీద, ఊపిరి గొట్టంలో. ఊదే జోరును బట్టి శబ్దం పెరిగేది, తగ్గేది. సొంతూరు బ్రాడ్‌ఫర్డ్‌లో కుర్రాడిగా ఉన్నప్పుడు దొరకని ఊదే వాద్యం నలభయ్యో ఏట అలా నోటికి అందింది. అటవాక్రాన్, శాండ్ రికార్డుల్లో వినిపించేది ఆ ఊపిరే. దాన్ని పట్టుకుని "కూడా ప్రయత్నించారు" అంటావా?

నా పాత పాటే మళ్ళీ పాడుతున్నాను, విసుక్కోకు. వాద్యకారుడి మీద రాసేవాడు చెయ్యి చూపించాలి. "స్వరాల జలపాతం", "గిటార్ మాంత్రికుడు" అని నువ్వు రాసినవి ఏ గిటారిస్టుకు తగిలించినా అతుకుతాయి. ఆయన వీడియో ఏదైనా పెట్టి, సౌండ్ తీసేసి ఎడమచెయ్యి ఒక్కటే చూడు. కుడిచెయ్యి అప్పుడో ఇప్పుడో తీగను మీటుతుంది. మిగతా స్వరాలన్నీ ఎడమచేతి వేళ్ళు తీగ మీద మోదితే పుట్టేవే. మామూలుగా గిటారిస్టులు వేలు తీసేటప్పుడు తీగను కాస్త పక్కకి లాగి వదులుతారు, అప్పుడు 'టింగ్' మని ఒక చప్పుడు వస్తుంది. ఆ చప్పుడంటే ఆయనకి గిట్టదు. అందుకే వేలు నిటారుగా లేపేవాడు. ఒక్క ఊపిరిలో పది స్వరాలు ఊదినట్టు రావాలి, అదీ ఆయన పంతం. పియానో వాయించే తాతయ్య దగ్గర సంగీతం నేర్చుకుని, స్వరాల వరుసలకు లెక్కల్లాగా పర్ముటేషన్లు వేసి, పనికిరానివి కొట్టేసుకున్న మనిషి ఆయన. నీ వ్యాసంలో తాతయ్య ఉన్నాడు, ఆ లెక్కలు లేవు.

నేను కుర్రాడిగా ఉన్నప్పుడు ఒక సన్నాయి విద్వాంసుడి మీద వారపత్రికకు రాశాను. కచేరీకి ముందు ఆయన సన్నాయికి తగిలించి ఊదే పీకను నోట్లో నానబెట్టుకుంటూ ఎవరితోనూ మాట్లాడకుండా కూర్చోవడం గురించి ఒక పేరా ఉండేది. ఎడిటర్ గారు "పాఠకులకి ఇవన్నీ ఎందుకండీ" అని అది తీసేసి, పైన 'నాదబ్రహ్మ' అని శీర్షిక తగిలించారు. పత్రిక తీసుకెళ్ళి ఇస్తే ఆ పెద్దాయన కళ్ళజోడు పెట్టుకుని మొత్తం చదివి, "ఎవరి గురించి బాబూ ఇది?" అన్నారు. పారితోషికం ఇప్పటికీ రాలేదు, అది వేరే సంగతి. ఇప్పటి ఎడిటర్లకి ఆ శీర్షిక కూడా అక్కర్లేదు, "మీకు తెలియని అయిదు విషయాలు" ఉంటే చాలు.

నీ జాబితాలో ప్రతి బ్యాండు దగ్గరా ఆగనక్కర్లేదు. యూకే దగ్గర ఆగు. 1978లో ఆ ఒక్క రికార్డు చేసి వెళ్ళిపోయాడు. రికార్డులో ఉన్న సోలోనే రోజూ స్టేజి మీద వాయించమంటే ఆయనకి పడలేదు. అదే మనిషి 1976లో వచ్చిన వెల్వెట్ డార్క్‌నెస్‌ను, రిహార్సల్ అనుకుని వాయించింది రికార్డు చేసి అమ్మేశారని, జీవితాంతం తనది కాదన్నాడు. ఈ రెండూ పక్కపక్కన పెడితే మనిషి కనబడతాడు.

చివర అంత్యక్రియలకు అభిమానులు చందాలు వేసుకున్న సంగతి రాసి ఏడిపించావు. నిజమే, 2017 ఏప్రిల్‌లో ఆయన పోయేనాటికి ఆయన రికార్డుల 12 సీడీల పెట్టె బజార్లోకి వచ్చి ఎన్నో రోజులు కాలేదు. కానీ ఆ కష్టం 1983లో కనబడాలి. అమెరికా రాక్ గిటారిస్టు ఎడ్డీ వాన్ హేలెన్ పూనుకుని వార్నర్ రికార్డుల కంపెనీతో కాంట్రాక్టు కుదిర్చాడు. నిర్మాతగా కూర్చున్న టెడ్ టెంపుల్‌మన్‌తో ఈయనకు కుదరలేదు. ఆఖరికి రోడ్ గేమ్స్ పేరుతో బయటికొచ్చింది ఆరు పాటలు. గ్రామీ నామినేషన్ గురించి గొప్పగా రాశావు, ఆ తగాదా ఊసే ఎత్తలేదు.

ఇంకొకటి. "ఇంగ్లండ్ మాండలిన్ శ్రీనివాస్" అన్న మాట కొట్టేయ్. పాలకొల్లు శ్రీనివాస్ వాయించింది ఇంకో ఇంగ్లండు గిటారిస్టు జాన్ మెక్‌లాఫ్లిన్‌తో. మన బంధుత్వం కలపాలనుకుంటే అది ఇంకో వ్యాసం.

పుస్తకంగా వేస్తే ఎవరైనా కొంటారా, ఏ పత్రికకి పంపాలి అని అడిగావు. ముందు ఆ సింథాక్స్ పేజీ తిరగరాసి పంపు. ఫోన్లో చదవలేకపోతున్నాను, ప్రింటు తీసి పోస్టులో వెయ్యి.

ఉంటాను.