బిద్రి హుక్కా బుడ్డి మీద నలుపు పెయింటా? చింతపండుతో తోమొచ్చా?

తోమకండి. బిద్రి అంటే నల్లటి లోహంలో వెండి పొదిగే బీదర్ పని. సాలార్‌జంగ్ మ్యూజియంలో కనిపించే బిద్రి హుక్కా బుడ్ల నలుపు పెయింటు కాదు, లోహానిదే. పోతలో ఎక్కువ భాగం జింకు, కొద్దిగా రాగి. ముందు మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) నీళ్లు రాసి తాత్కాలికంగా నల్లబరుస్తారు, ఉలి గీత తెల్లగా కనబడాలని. ఆ గీతల్లోకి వెండి తీగ కొట్టి, ఆకురాయితో నునుపు చేస్తారు. చివర్లో బీదర్ కోట పాత మట్టిని నవాసాగరంతో (అమ్మోనియం క్లోరైడ్) కలిపి, వేడి చేసిన పాత్రకు పూస్తారు. జింకు నల్లబడుతుంది, వెండి మాత్రం కడగ్గానే తెల్లగా మెరుస్తుంది. ఈ పనితనమంతా ఆ క్షణంలోనే బయటపడుతుంది!

నలుపు పొర చాలా పల్చన. చింతపండు పులుపు, వెండి పాలిష్ దాన్ని తినేసి బూడిదరంగు మచ్చలు తేలుస్తాయి. పొడి మెత్తటి గుడ్డతో తుడిచి, నలుపు వెలిస్తే ఒక్క చుక్క కొబ్బరినూనె అద్దండి.