రవీశ్ కుమార్‌లా ఊళ్ల కథలు టీవీలో చెప్పాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

అనంతపురంలో డిగ్రీ చదువుతున్నానని, రవీశ్ కుమార్‌లా టీవీ జర్నలిస్టు, డాక్యుమెంటరీ హోస్ట్ కావాలంటే ఏ కోర్సు చేయాలని అడిగారు. కర్నూలులో ఒక ఛానల్‌కు చాలాకాలం స్ట్రింగర్‌గా, అంటే ఉన్న ఊరి నుంచి వార్తలు పంపే విలేకరిగా పనిచేశాను. కోర్సు సంగతి ఆఖర్న చూసుకోవచ్చు.

రవీశ్ గారిది బిహార్‌లో మోతీహారి దగ్గర ఒక పల్లె. 1996లో ఎన్డీటీవీ వార్తా ఛానల్‌లో చేరిన కొత్తలో ఆయన పని ప్రేక్షకుల ఉత్తరాలు చదివి వేరుచేయడం. 2019లో మెగసెసే అవార్డు దాకా ఆయన్ని తీసుకెళ్లింది ఆ ఉత్తరాలేనని నా గట్టి నమ్మకం. జనం ఏం చెప్పుకుంటారో, ఎలా చెప్పుకుంటారో అక్కడే తెలిసి ఉంటుంది. అది ఏ కాలేజీలోనూ నేర్పరు.

2009 అక్టోబరులో తుంగభద్ర, హంద్రీ రెండూ కర్నూలును ముంచాయి. నీళ్లు తీశాక పాతబస్తీ అంతా బురద. హైదరాబాద్ నుంచి వచ్చిన ఒక సీనియర్ రిపోర్టర్‌కు నేను దారి చూపిస్తున్నాను. ఛానల్ ఆఫీసులో వార్తలు సిద్ధం చేసే డెస్కు నుంచి ఒకటే ఫోన్లు, ఏడుపు విజువల్స్ కావాలని. ఒక ఇంటి ముందు టైలరమ్మ బురదలోంచి జాకెట్ గుడ్డలు తీసి నీళ్లలో జాడిస్తోంది. కళ్లలో తడి లేదు. మిగతా కెమెరాలు ఒక్క చూపు చూసి ముందుకు పోయాయి. ఈ సీనియర్ రిపోర్టర్ మాత్రం అరుగు మీద కూర్చుని, "ఇవన్నీ ఎవరివమ్మా?" అని అడిగారు. అంతే, ఆమె ఒక్కో గుడ్డ ఎత్తి చెప్పడం మొదలుపెట్టింది. ఇది పక్కింటి వదినది, ఇది పెళ్లికూతురిది, ఇది దీపావళికి కావాలన్న టీచరమ్మది. చివరికి, "నా ఇల్లు పోతే పోయె సార్, వీళ్లందరికీ నేనేం జెప్పల్ల?" అంది. వరద అంటే ఏమిటో నాకు అప్పుడు తెలిసింది. ఆ టేపు మొత్తం పంపితే ఛానల్‌లో వేసింది ఆమె చేతులు కనిపించే చిన్న ముక్క, దాని మీద విషాద సంగీతం. నాకు ఇప్పటికీ కోపం తగ్గలేదు.

మన సీమను చూపించే తీరే అంత. ఫ్యాక్షన్ అయితే గంటసేపు వేస్తారు, మన మనిషి మన యాసలో నాలుగు మాటలు మాట్లాడితే యాంకర్ మధ్యలో అందుకుని తన మాటల్లో చెప్పేస్తాడు. స్ట్రింగర్ల గతి చెప్పనే అక్కర్లేదు. చాలామందికి జీతమే ఉండదు, స్టోరీకి ఇంత అంటారు, అదీ నెలల తరబడి రాదు, పైగా యాడ్స్ తెమ్మంటారు. ఇల్లు గడవడానికి వేరే ఆధారం చూసుకున్నాకే ఇందులోకి రండి.

ఊళ్ల కథలు చెప్పడానికి ఢిల్లీ దాకా పోవడం ఎందుకు? వానలు లేని ఏడాది మీ జిల్లాకు కెమెరాలు వస్తాయి, ఎండిన చెనిక్కాయ చేను, నెర్రెలిచ్చిన నేల తీసుకుని పోతాయి. ఆ చేను గల రైతు తర్వాత బెంగళూరులో ఏ అపార్ట్‌మెంటుకు వాచ్‌మన్‌గా కుదిరాడో, ఊళ్లో ముసలమ్మకు డబ్బు ఎలా పంపుతున్నాడో చూసి వచ్చే ఛానల్ నాకు కనబడలేదు. మీరు ఆయనతోపాటే బస్సెక్కండి. ఫోన్ కెమెరా చాలు, డ్రోన్ మోజు వద్దు. ఇంజన్ మోతలో మాటలు పోతాయి కాబట్టి ముందు మంచి కాలర్ మైకు ఒకటి కొనుక్కోండి.